మోకాలు మోపిన చోట

"మోకాళ్ళ మీద నిలవడం పని కోసం పుట్టింది కాదమ్మీ, భయం కోసం పుట్టింది," అన్నారు మావయ్య. "నడక, నిలబడ్డం, కూర్చోవడం, పడుకోవడం. మనిషికి ఈ నాలుగూ చాలు. ఐదోదాన్ని ఎవడో దొర కనిపెట్టి ఉంటాడు."

మావయ్య జీవితమంతా కలకత్తా ఖిదిర్‌పూర్ డాక్‌లో సరుకు దింపే గ్యాంగుల్లోనే గడిచింది. వాళ్ళ నాన్న శ్రీకాకుళం వైపు నుంచి రైలెక్కి వచ్చి ఇక్కడ పనిలో కుదిరినప్పటి నుంచి ఆ కుటుంబం హుగ్లీ ఒడ్డునే ఉంటోంది. నేను ఫిజియోథెరపీ చేస్తాను. పొద్దున్నుంచి సాయంత్రం దాకా నా చేతుల్లో ఉండేవి మోకాళ్ళే. అందుకే ఆ మాటని ఊరికే వదిలెయ్యబుద్ధి కాలేదు.

"బుద్ధుడూ ఆ నాలుగే చెప్పాడు మావయ్యా. సతిపట్ఠాన సూత్రంలో నడుస్తున్నా, నిలబడ్డా, కూర్చున్నా, పడుకున్నా ఎరుకతో ఉండమన్నాడు. కానీ మీరు లెక్కలోంచి తీసేసిన ఆ ఐదోది లేకపోతే ఇల్లు గడుస్తుందా? నేల మీద తాను పరిచి కత్తిరించే దర్జీ మోకాళ్ళ మీదే కదా ముందుకు జరిగేది! పలకలు పరిచే మేస్త్రీ ఎలా కూర్చుంటాడు? మంచం కిందకి దొర్లిన గిన్నెని మీరెలా తీస్తారు? గోర్డన్ హ్యూస్ అనే అమెరికా మానవశాస్త్రవేత్త 1955లో దేశదేశాల భంగిమలన్నీ పోగుచేసి, మనిషి ఒళ్ళు కుదురుగా నిలవగలిగే తీరులు వెయ్యి దాకా ఉంటాయని రాశాడు. కాళ్ళు బార్లా చాపి, వాటి మీద పసిబిడ్డని పడుకోబెట్టి నీళ్ళు పోసే మన అమ్మమ్మల కూర్చోవడం మీ నాలుగింటిలో దేని కిందకి వస్తుంది?"

"వెయ్యా!" అని మావయ్య కాసేపు ఆలోచించారు. "మరి గొంతుక్కూర్చోవడం గురించి ఏటి రాశాడు?"

"ప్రపంచంలో కనీసం నాలుగోవంతు మంది అలా కూర్చునే అలుపు తీర్చుకుంటారని రాశాడు."

దాంతో ఆయన ముఖం వెలిగింది. ఖిదిర్‌పూర్ డాక్ నదికి పక్కన తవ్విన, తలుపులున్న నీటి మడుగు. 1890లలో తెరిచారు. హుగ్లీలో పోటు వస్తేగానీ ఓడ లాక్‌గేటు దాటి లోపలికి రాదు. కాబట్టి డాక్ పనిలో సగం ఎదురుచూపే. "పోటు వచ్చేదాకా గొంతుక్కూర్చునేవాళ్ళం. బీడీ, టీ, పేకాట, తగువులు అన్నీ అలాగే. గ్యాంగు సర్దారు కేకేస్తే ఒక్క ఊపున లేచేవాళ్ళం. కుర్చీలో కూలబడినోడు అలా లేవగలడా? మా దొరలకి అలా కూర్చోవడం వచ్చేది కాదు. మేం కూర్చుంటే వాళ్ళకి బద్ధకంలా కనిపించేది."

ఆ చివరి మాట నాకు బాగా నచ్చింది. మార్సెల్ మోస్ అనే ఫ్రెంచి పండితుడు 1934లో చేసిన ప్రసంగంలో ఇలాంటి సంగతే ఒకటి చెప్పాడు. మొదటి ప్రపంచయుద్ధంలో ఆయన ఆస్ట్రేలియా సైనికులతో కలిసి ఉన్నాడు. నీళ్ళు నిలిచిన నేల మీద ఆగాల్సి వస్తే వాళ్ళు మడమల మీద హాయిగా కూర్చునేవారు. ఆయన మాత్రం బూట్లతో నిలబడే ఉండాల్సి వచ్చేది. పసిపిల్లలందరికీ వచ్చే ఆ విద్యని పెద్దయ్యాక పోగొట్టుకోవడం తమ సమాజాలు చేసిన పెద్ద పొరపాటని ఆయన బాధపడ్డాడు. నేనూ అదే అంటాను. మన అపార్ట్‌మెంట్లలో పెరిగే పిల్లలకి ఆ కూర్చోవడం చేతకాకుండా పోతుంటే కళ్ళారా చూస్తున్నాను.

"ఎముక కూడా దాన్ని గుర్తుపెట్టుకుంటుంది మావయ్యా. 1890లలో హేవ్‌లాక్ చార్ల్స్ అనే డాక్టరు లాహోర్‌లో పంజాబీల కాలి ఎముకలు పరీక్షించాడు. పాదం బాగా పైకి మడిచినప్పుడు చీలమండ దగ్గర ఎముకలు రెండూ ఒరుసుకుంటాయి కదా, అక్కడ చిన్న నున్నటి మచ్చలు కనిపించాయి. నేల మీద కూర్చునే అలవాటు వల్ల వచ్చినవని రాశాడు. ఇప్పటికీ తవ్వకాల్లో అస్థిపంజరం దొరికితే ఆ గుర్తు కోసం చూస్తారు."

"అయితే అమ్మీ, ఇష్టంగా కూర్చున్నాడో, ఎవడో కూర్చోబెట్టాడో ఎముకకి తెలీదన్నమాట."

దానికి నా దగ్గర జవాబు లేదు.

"చిన్నప్పుడు బళ్ళో నన్ను ఎండలో, గులకరాళ్ళ మీద మోకాళ్ళపై నిలబెట్టారు. గుంజీలు తీశాను, గోడకుర్చీ వేశాను, వాటిని నవ్వుకుంటూ చెప్పుకుంటాం. ఇది మాత్రం నవ్వుకునేది కాదు. రాళ్ళు గుచ్చుకోవడం కాదు నా బాధ. గంట ఎప్పుడు కొడతారో తెలీదు. లేవమని ఎప్పుడంటారో తెలీదు."

మా సంభాషణ అక్కడ మలుపు తిరిగింది. ఆయన్ని ఒప్పించాలన్న పట్టుదల నాలో తగ్గింది. మెల్లగా అడిగాను: "మరి మీతో పనిచేసిన ముసల్మానులు రోజుకి అయిదుసార్లు మోకాళ్ళూ నుదురూ నేలకి ఆన్చేవారు కదా. వాళ్ళలో మీకు భయం కనిపించిందా?"

"లేదు," అన్నారు వెంటనే. "సర్దారూ, మూట మోసేవాడూ భుజానికి భుజం ఆనించి నిలబడేవారు. వంగేవారు, నేలకి ఆనేవారు, మళ్ళీ లేచేవారు."

"ఆ లేవడం కూడా నమాజులో భాగమే. సజ్దాలో నుదురు, రెండు అరచేతులు, రెండు మోకాళ్ళు, రెండు పాదాల వేళ్ళు, మొత్తం ఏడు చోట్ల ఒళ్ళు నేలని తాకాలి. నమాజులో ఒక్కో ఆవృత్తిని రకాతు అంటారు, ప్రతి రకాతులో రెండు సజ్దాలు. మధ్యలో లేచి కూర్చోవాలి. కింద ఉండిపోవడం అందులో లేదు. క్రైస్తవులదీ చూడండి. క్రీ.శ. 325లో నైసియాలో సమావేశమైన బిషప్పులు ఆదివారాలు మోకరించవద్దనీ, నిలబడే ప్రార్థించాలనీ నియమం పెట్టారు. పునరుత్థానం జరిగిన రోజు కాబట్టి. మోకరించడమే భక్తి అయితే, మరీ పవిత్రమైన రోజున వద్దని ఎందుకంటారు?"

"మన సాష్టాంగమో?"

"దాని లెక్క ఇంకా గొప్పది. ఛాతీ, తల, చేతులు, మోకాళ్ళు, పాదాలతో పాటు చూపునీ, మాటనీ, మనసునీ కూడా అంగాలుగానే లెక్కపెట్టారు. ఎవరినైనా మెడ వంచి నేల మీద పడుకోబెట్టవచ్చు. అప్పుడు మనసూ మాటా నేలకి తగలవు. ఆ లెక్క ప్రకారం అది సాష్టాంగం కాదు."

మావయ్య తల ఊపారు. నిదానంగా, తనలో తాను అనుకుంటున్నట్టు అన్నారు. "అంటే నేను తిట్టాల్సింది మోకాలిని కాదు. లేవడం ఎవడి చేతిలో ఉందో వాడిని."

నేను చెప్పదలచుకున్నది అదే. నాకంటే ముందు ఆయన అన్నారు. అక్కడితో ఊరుకోకుండా నేను సూరినామ్ ఘాట్ సంగతి ఎత్తాను. 1873 ఫిబ్రవరి 26న ఒప్పందపు కూలీలతో కలకత్తా నుంచి బయల్దేరిన లల్లా రూఖ్ అనే ఓడ జూన్ 5న దక్షిణ అమెరికాలోని సూరినామ్ చేరింది. అలా వెళ్ళినవాళ్ళ గుర్తుగా 2015లో ఇక్కడి నది ఒడ్డునున్న ఆ ఘాట్‌లో మాయీ-బాప్ విగ్రహం పెట్టారు. సూరినామ్ రాజధాని పరామరిబోలో ఉన్నదానికి అది నకలు. ఒక ఆడమనిషి, ఒక మగమనిషి, ఒక గుడ్డమూట. ఇద్దరూ నిలబడే ఉంటారు.

"నిలబడక?" అన్నారు మావయ్య.

"అలా నిలబెట్టడానికి ప్రపంచానికి చాలా కాలం పట్టింది. 1787లో ఇంగ్లండులో బానిసత్వం పోవాలన్న మంచివాళ్ళు వెడ్జ్‌వుడ్ కార్ఖానాలో పతకాలు చేయించి పంచారు. వాటి మీద సంకెళ్ళతో, మోకాలి మీద, చేతులు జోడించి వేడుకుంటున్న నల్లమనిషి బొమ్మ ఉంటుంది. 1876లో వాషింగ్టన్‌లో లింకన్ విగ్రహం పెడితే అందులోనూ విడుదలైన మనిషి మోకాలి మీదే ఉన్నాడు. బానిసత్వం నుంచి తప్పించుకుని వచ్చిన ఫ్రెడరిక్ డగ్లస్ ఆ విగ్రహావిష్కరణలో ప్రసంగించాడు. కొద్ది రోజులకే పత్రికకి ఉత్తరం రాశాడు, చచ్చేలోపల మనిషిలా నిటారుగా నిలబడ్డ నల్లవాడి విగ్రహం చూడాలని ఉందని."

దయతో గీసిన బొమ్మ కూడా మనిషిని నేల మీదే ఉంచేయగలదు. ఈ సంగతి నన్ను ఎప్పుడూ కలచివేస్తుంది.

"ఇంకోటి కూడా ఉంది మావయ్యా. 1970 డిసెంబరు 7న పశ్చిమ జర్మనీ ఛాన్సలర్ విల్లీ బ్రాంట్ వార్సాలో, నాజీలు చంపిన యూదుల స్మారకం ముందు పూలగుచ్ఛం పెట్టి, ఉన్నట్టుండి మోకాళ్ళ మీద కూలబడ్డాడు. ఆయన నాజీలని ఎదిరించి దేశం విడిచి వెళ్ళినవాడు. మోకరించాల్సిన తప్పు ఆయనది కాదు. ఇంటికొచ్చాక ఒక వారపత్రిక జనాన్ని అడిగితే 48 శాతం మంది అది అతి అన్నారు, 41 శాతం మంది తగినదే అన్నారు."

"ఆయనకి ఎవరూ చెప్పలేదు కదా?"

"లేదు."

"లేచింది కూడా ఆయనే."

"ఆయనే."

మావయ్య తన మోకాళ్ళని తడుముకున్నారు. "అలాగైతే నా సంగతేటి? ఒకప్పుడు గంటలకొద్దీ గొంతుక్కూర్చున్నవాడిని. ఇప్పుడు కూర్చుంటే లేవలేను. కోడలు చెయ్యి అందిస్తేగానీ లేవలేను. లేవడం నా చేతిలో లేదు. అంటే ఇది కూడా ఆ గులకరాళ్ళ లాంటిదేనా?"

బీజింగ్ వృద్ధులపై 2004లో వచ్చిన అధ్యయనం నాకు గుర్తొచ్చింది. పాతికేళ్ళ వయసులో రోజూ చాలాసేపు గొంతుక్కూర్చున్నవాళ్ళలో మోకీళ్ళ అరుగుదల ఎక్కువగా కనిపించింది. ఇంతసేపూ నేను మెచ్చుకున్న కూర్చోవడమే ఆయన కీళ్ళని తినేసి ఉండవచ్చు. ఆ మాట దాచకుండా చెప్పాను.

"తినెయ్యనీ, పని చేసిన కీలు అరగదా?" అన్నారాయన. తర్వాత తన ప్రశ్నకి తానే జవాబు చెప్పుకున్నారు. "డాక్‌లో బస్తా ఎవడూ తనంతట తాను నెత్తికెత్తుకోడు. ఇద్దరు పట్టి ఎత్తాలి. అది సాయం. బస్తా దించడానికి సర్దారు ఊఁ అనాలంటే, అది వేరు. కోడలు చెయ్యి పట్టుకుని లేవడంలో నాకు సిగ్గేటి? ఒకరి చెయ్యి కావాలనడం, ఒకరి సెలవు కావాలనడం ఒకటి కాదు."

"అయితే నిలబడ్డవాడికి కూడా సెలవు కావాల్సి రావచ్చు," అన్నాను. "కోళిక్కోడ్‌లో మిఠాయి తెరువు అనే బజారుంది. అక్కడి బట్టల దుకాణాల్లో పనిచేసే ఆడవాళ్ళని రోజంతా కూర్చోనిచ్చేవారు కాదు. విజి అనే దర్జీ వాళ్ళని కూడగట్టి, పెణ్‌కూట్టు అనే సంఘం తరఫున ఏళ్ళ తరబడి పోరాడింది. 2018లో కేరళ దుకాణాల చట్టాన్ని సవరించి, పనివాళ్ళకి కూర్చునే వసతి ఉండి తీరాలన్నారు. 2021లో తమిళనాడు అదే దారి పట్టింది."

"కూర్చోవడానికి చట్టమా!" మావయ్య ఆశ్చర్యం కోపంగా మారింది. "ఎంతసేపు నిలబెట్టేవారు?"

"కొందరిని పది గంటలు, ఇంకా పైన. కాళ్ళ నరాలు ఉబ్బిపోయి నా దగ్గరకొచ్చేవాళ్ళలో దుకాణాల్లో పనిచేసేవాళ్ళే ఎక్కువ."

"మేం మూటలు మోసినా, ఓడకీ ఓడకీ మధ్య కూర్చునేవాళ్ళం. ఎవడూ వద్దనలేదు." ఆయన కర్ర అందుకున్నారు. "ఫ్యాన్సీ మార్కెట్‌లో నీకేదో కొనాలన్నావు కదా, పద. సరుకు తర్వాత చూద్దువుగాని. ముందు కౌంటరు వెనక స్టూలు ఉందో లేదో చూడు. లేకపోతే అక్కడ పనిచేసే పిల్లలకి ఈ కేరళ సంగతి చెప్పు. నీకు బెంగాలీ సరిగ్గా రాదు, నేను చెబుతాను."