గజ్జెలు విప్పాక

“పిల్లకి డాన్సు పోటీలో మొదటి బహుమతి రాలేదని ఎవరైనా కోర్టుకెక్కుతారా, విడ్డూరం కాకపోతే!” అని ముక్కున వేలేసుకోకండి. కేరళలో ఇది మామూలు తంతు. అక్కడ 1957లో మొదలైన పాఠశాలల రాష్ట్ర కళోత్సవంలో మన కృష్ణాజిల్లా కూచిపూడి కూడా పోటీ అంశమే. జిల్లాలో మొదటి స్థానం రాకపోతే అప్పీలు కమిటీకి వెళతారు. అక్కడా చుక్కెదురైతే లోకాయుక్త, హైకోర్టు. ఎ గ్రేడు వస్తే పరీక్షల్లో అదనపు మార్కులు కలుస్తాయి మరి! 2018లో త్రిశూర్ ఉత్సవానికి బాలల హక్కుల కమిషన్ పేరుతో దొంగ ఉత్తర్వులే పుట్టుకొచ్చి, పోలీసు కేసయింది.

2022 డిసెంబరులో కేరళ హైకోర్టు ఇలాంటి పిటిషన్లు కొట్టేస్తూ, ఓటమిని తట్టుకునేలా పిల్లల్ని ముందు తల్లిదండ్రులు తయారుచెయ్యాలంది. పెద్దల పంతాలకి పిల్లలు కుంగిపోతారనీ, అంత ఖర్చు అందరూ భరించలేరనీ కూడా అంది.

నిజమే. కానీ ఆ మాట నాకు పూర్తిగా మింగుడు పడదు. “పోనీలే, సర్దుకో” అన్నది మనం ఆడపిల్లకి ఉగ్గుపాలతో నేర్పే పాఠం. జడ్జిగారు తన శిష్యురాలికే బహుమతి ఇచ్చుకున్నా సర్దుకోవలసిందేనా? అప్పుడు పిల్ల నేర్చుకునేది ఓర్పు కాదు, నోరు మూసుకోవడం.

మన అమీర్‌పేటలో ఏ గోడ చూసినా కోచింగు ప్రకటనలే కదా, మార్కుల సంగతి మనకి చెప్పక్కర్లేదు. 2019లో తెలంగాణ ఇంటర్ ఫలితాలు తారుమారైనప్పుడు ఫెయిలైన వాళ్ళందరి పేపర్లూ ఉచితంగా మళ్ళీ చూశారు. వెయ్యిమందికి పైగా పాసయ్యారు. తన జవాబు పత్రం తాను చూసుకునే హక్కు విద్యార్థికి ఉందని సుప్రీంకోర్టు 2011లోనే చెప్పింది. బాగానే ఉంది, పేపరు బీరువాలో ఉంటుంది. నాట్యానికి పేపరేదీ? గజ్జెలు విప్పగానే అయిపోయింది. వీడియో తీశామంటారు. అందులో అడుగు తప్పితే కనిపిస్తుందేమో గాని, ఈ పిల్ల సత్యభామ అలకకి నాలుగు మార్కులా, ఐదు మార్కులా అన్నది ఏ న్యాయమూర్తి తేలుస్తాడు?

అందుకే అప్పీలు గెలిచినా “నీకు అన్యాయం జరిగింది” అని తేలడం తక్కువ. “పై పోటీలో నువ్వూ ఆడు” అంటారు, అంతే. అలా వచ్చినవాళ్ళు పెరిగి, మేకప్పుతో పిల్లలు అర్ధరాత్రి దాకా కూర్చోవలసి వస్తుంది. ఇక వకీలు ఫీజు ఇచ్చుకోలేని ఆటోడ్రైవరు కూతురుంది చూశారూ, తన మూడో స్థానం మీద ఆమె ఏ కోర్టుకీ వెళ్ళదు.

నా మట్టుకు నాకు గీత ఇక్కడ గియ్యాలనిపిస్తుంది. జడ్జికీ పోటీదారుకీ బంధుత్వముందా, మార్కుల కాగితం దిద్దారా, మధ్యలో పాట ఆగిపోయిందా అన్నవి సాక్ష్యంతో తేలే సంగతులు. వాటిమీద కొంగు బిగించి అడగండి, కోర్టు దాకా వెళ్ళినా తప్పులేదు. అభినయం నచ్చిందా లేదా అన్నదానికి మాత్రం కోర్టు వద్దు. కాకపోతే నచ్చకపోవడానికి కారణం రెండు వాక్యాల్లో రాసివ్వమనాలి. మన పంజగుట్ట కాలనీ నవరాత్రి పోటీలకైనా ఇది చెయ్యచ్చు. జడ్జిగా పిలిచి, శాలువా కప్పి, కాఫీ ఇచ్చి, ఒక అంకె వేసి పొమ్మంటే ఎలా? ఆ అంకె పట్టుకుని పిల్ల ఏం దిద్దుకుంటుంది?

ఇంకో సంగతి. పిల్ల మైనరు కాబట్టి పిటిషను తల్లో తండ్రో వెయ్యాలి. ఆడింది ఆమె, సంతకం మనది. వకీలు దగ్గరికి బయల్దేరేముందు ఆమెని ఒక్కమాట అడిగామా? మనం వరండాలో జడ్జిని తిట్టిపోస్తుంటే, లోపల ఆ పిల్ల మొహాన రంగు కడుక్కుని, “అమ్మా, ఆకలేస్తోంది” అంటోందేమో.