గొడగూచి నామార్థము



వీరశైవుల యింట శిశువు జన్మించినప్పుడు ఆ శిశువునకు రెండు కానుకలు లభించును. ఒకటి గురువు అనుగ్రహించు ఇష్టలింగము. రెండవది తల్లిదండ్రులు పెట్టు పేరు. లింగము దేహముపై నుండును, పేరు లోకుల నాలుకపై నుండును. ఒకటి బిడ్డను శివునితో ముడివేయును, మరియొకటి బిడ్డను సంఘముతో ముడివేయును. కనుకనే మన పెద్దలు పేరు పెట్టుటను వేడుకగా మాత్రమే గాక, వ్రతముగా నెంచిరి.

ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల ప్రాంతముల లింగాయతుల యిండ్లలో మొన్నటి తరము వరకు వినవచ్చిన అవ్వల పేర్లను ఒక్కసారి జ్ఞప్తికి తెచ్చుకొనుడు. బసమ్మ, గురమ్మ, లింగమ్మ, నీలమ్మ, గంగమ్మ, చెన్నమ్మ, అక్కమ్మ. బసమ్మ యను పిలుపులో బసవేశ్వరుడు పలికెడివాడు. నీలమ్మ యను పిలుపులో ఆయన ధర్మపత్ని నీలాంబిక మెదలెడిది. కోడలిని కేకవేసినను, మనుమరాలిని మందలించినను, తెలియకయే నోటికి శరణస్మరణ కలిగెడిది. నేడు ఆ పేర్లు తొట్టెల యొద్ద అరుదుగా వినవచ్చుచున్నవి. వానికంటె మిక్కిలి అరుదైన పేరొకటి బసవపురాణమున నున్నది. అది గొడగూచి.

ఈ పేరు చెవిని బడగానే నేటి బాలికలు నవ్వవచ్చును. గొడుగునకు సంబంధించిన మాటయా అని అడుగవచ్చును. కాదు. ఇది కన్నడ దేశమునుండి మనకు వచ్చిన పేరు. కన్నడమున 'కూసు' అనగా శిశువు, బిడ్డ. 'కొడగూసు' అనగా పిన్నవయసు బాలిక, కన్యక. కన్నడ శివభక్తులు ఈ బాలికను కోళూరు కొడగూసు అని స్మరించుచుందురు. ఆ మాటయే తెలుగువారి నోట గొడగూచి యైనది.

ఇందలి విశేషమును గమనింపుడు. కొడగూసు అనగా 'ఆడపిల్ల' అని మాత్రమే యర్థము. అనగా పురాణమున కెక్కిన ఆ భక్తురాలికి వేరుగా పేరే లేదు. ఇంటివారు 'పాపా' అని పిలిచినట్లుగా నుండు పిలుపే ఆమెకు పేరైనది. రాజుల కూతుళ్లకు దీర్ఘములైన బిరుదులుండవచ్చును. శివుడు వచ్చి యెవరి చేతి పాలు త్రాగెనో ఆ బాలికకు మాత్రము 'ఆడపిల్ల' అనునదే పేరు, అదియే బిరుదు.

ఆమె చరిత్రను తెలుగువారికి చెప్పినవాడు పాల్కురికి సోమనాథుడు. పదుమూడవ శతాబ్దమున ఆ మహనీయుడు సామాన్యులు సైతము పాడుకొనదగిన ద్విపదలో బసవపురాణమును రచించెను. బసవేశ్వరుని చరిత్రతో బాటు, పండితులెరుగని యెందరో భక్తుల కథలను ఆయన అందులో జేర్చెను. ముగ్ధ సంగయ్య, రుద్రపశుపతి, బెజ్జమహాదేవి, ఉడుమూరి కన్నప్ప మున్నగు ముగ్ధభక్తుల నడుమ గొడగూచికిని ఆసనమిచ్చెను. 1369లో భీమకవి ఆ తెలుగు పురాణమును కన్నడమున రచించెను. కన్నడ దేశపు బిడ్డ తెలుగింట పెరిగి మరల పుట్టింటికి పోయినట్లైనది.

ఇక కథను స్మరింతము.

ఒక శివభక్తుడు ప్రతిదినము గుడికి పాలు గొనిపోయి శివునకు నివేదించుచుండెను. ఒకనాడతడు పొరుగూరికి పోవలసి వచ్చెను. చిన్నదియగు కూతును పిలిచి, "అమ్మా, నేను వచ్చు వరకు దినమును తప్పక శివునకు పాలారగింపు చేయుము" అని చెప్పి వెడలిపోయెను. బాలిక ఆ మాటను ఉన్నదున్నట్లు గ్రహించెను. పాలు కాచి, చల్లార్చి, గిన్నెతో గుడికి గొనిపోయి లింగము నెదుట నుంచి, త్రాగుమని వేడెను. శివుడు త్రాగలేదు.

బాలిక మనస్సు తల్లడిల్లెను. పాలు వేడిగా నున్నవా? పొగవాసన పట్టినదా? తాను చిన్నదియని శివునకు అలుకయా? తండ్రి ఇచ్చినచో త్రాగువాడు తానిచ్చినచో ఏల త్రాగడు? ఆమెకు తోచిన సందేహములన్నియు తన సేవను గూర్చినవే. శివుడు పాలు త్రాగునా, త్రాగడా యను సందేహము మాత్రము ఆమెకు కలుగనే లేదు. బుజ్జగించెను, బ్రతిమాలెను, ఏడ్చెను. తుదకు తల పగులగొట్టుకొందునని సిద్ధపడెను. అప్పుడు పరమేశ్వరుడు నిలువలేక ప్రత్యక్షమై గిన్నెలోని పాలన్నియు త్రాగెను. మరునాడును త్రాగెను. ఆ పిమ్మట ప్రతిదినమును అట్లే జరిగెను.

కొన్నినాళ్లకు తండ్రి మరలివచ్చెను. పాలేమైనవని యడిగెను. శివుడు త్రాగెనని బిడ్డ సంతోషముతో చెప్పెను. తండ్రి నమ్మలేదు. రాయి పాలు త్రాగునా? నీవే త్రాగి బొంకుచున్నావని కోపించెను. ఏదీ చూపుమని గుడికి వెంటబెట్టుకొని పోయెను. అతని యెదుట పాలు గిన్నెలో అట్లే నిలిచియుండెను. అతడు అదలించి పైకి రాగా, బాలిక భయపడి శివుని శరణుజొచ్చెను. శివుడు ఆ బిడ్డను లింగములో చేర్చుకొనెను. తండ్రి చేయి చాపు లోపుననే ఆమె అతనికి అందని చోటికి పోయెను.

ఈ కథను మనము చిన్ననాటినుండి వినుచున్నాము. వినినప్పుడెల్ల బాలిక భక్తిని పొగడి, కన్నులు తుడుచుకొని లేచిపోవుచున్నాము. తండ్రిని గూర్చి యోచించువారు తక్కువ. శరణ బంధువులారా! అతడు నాస్తికుడు కాడు, దుష్టుడు కాడు. నియమము తప్పని భక్తుడు. ఊరికి పోవునప్పుడు సైతము పూజకు లోపము రాకుండ ఏర్పాటు చేసి పోయినవాడు. అట్టివాడు ఎచట తప్పినాడు? అతడు పాలు సమర్పించుచుండెను గాని శివుడు త్రాగునని నమ్మలేదు. కూతురు నమ్మినది. తండ్రిది అలవాటు, కూతురిది విశ్వాసము. ఇది అతని మొదటి లోపము.

రెండవ లోపము ఇంకను పెద్దది. తన బిడ్డ సత్యము పలికినప్పుడు అతడు వినలేదు. ఆమె ముఖమును జూడలేదు, గిన్నెను జూచెను. పాలు మిగిలియుండుటను సాక్ష్యముగా గొనెను గాని, పుట్టినది మొదలు బొంకెరుగని బిడ్డ మాటను సాక్ష్యముగా గొనలేదు. శివుడు ఆ క్షణమున అతని యెదుట పాలు త్రాగకపోవుట బాలికకు పరీక్ష కాదు. ఆమె పరీక్ష ముందే ముగిసినది. అది తండ్రికి పరీక్ష. అందు అతడు తప్పెను. శివుని పోగొట్టుకొనలేదు గాని, బిడ్డను పోగొట్టుకొనెను.

పన్నెండవ శతాబ్దమున కల్యాణమున బసవేశ్వరుడు నెలకొల్పిన ధర్మము ఈ లోపమును దిద్దుటకే గదా పుట్టినది! బాల బసవనికి ఉపనయనము తలపెట్టినప్పుడు, "నా యక్క నాగమ్మకు లేని జందెము నాకేల?" అని ఆయన యడిగెనని మన పెద్దలు చెప్పుచుందురు. ఆ ప్రశ్నకు శరణధర్మమే సమాధానము. ఇష్టలింగమునకు స్త్రీ పురుష భేదము లేదు. కొడుకు మెడలో నున్న లింగమే కూతురి మెడలోను ఉండును. ఆ నాగమ్మయే అక్కనాగమ్మయై చెన్నబసవణ్ణ వంటి జ్ఞానిని కని పెంచినది. అక్కమహాదేవి కల్యాణము జేరి, అనుభవమంటపమున అల్లమప్రభువు వంటి పెద్దల ప్రశ్నలకు బదులు చెప్పి, పిదప మన శ్రీశైలమునకు వచ్చి కదళీవనమున చెన్నమల్లికార్జునునిలో ఐక్యమైనది. బియ్యపు గింజలేరుకొని బ్రతికిన ఆయ్దక్కి మారయ్య అవసరమునకు మించి తెచ్చినప్పుడు, ఆశ తగదని దిద్దినది అతని భార్య లక్కమ్మ. ముప్పదిమందికి పైగా శరణస్త్రీలు వచనములు పలికిరి. ఆడువారి మాటను వినిన సభ గనుకనే అది అనుభవమంటపమైనది.

పేరు ఎట్లు నిలుచునో తెలిసికొనుటకు మన ప్రాంతపువారు దూరము పోనక్కరలేదు. ఎఱ్ఱగుంట్ల సమీపమున కలమళ్ల గ్రామమందు, సుమారు 575వ సంవత్సరమునాటి రేనాటి చోళుల శాసనము కలదు. తెలుగు భాషలో లభించిన శాసనములలో అదియే మొదటిదని పండితులు భావింతురు. అందు ఎరికల్ ముతురాజు ధనంజయుని పేరు నిలిచియున్నది. రాజు గనుక రాతిపై నిలిచెను. గొడగూచికి రాయి లేదు. ఆమె తాళపత్రముపైనను, భక్తుల కంఠముననే నిలిచినది. సి.పి. బ్రౌను 1820లో కడపకు వచ్చి, పండితులను కూర్చి, చెదలపాలగుచున్న తెలుగు తాళపత్రములను సేకరించి శుద్ధప్రతులు వ్రాయించెను. జంగముల ఆచారములను, సాహిత్యమును గూర్చి 1840లో ఒక వ్యాసమును ఆంగ్లమున ప్రకటించెను. 1990లో వెల్చేరు నారాయణరావు, జీన్ రోఘైర్ గార్లు బసవపురాణమును ఆంగ్లమున అనువదింపగా అది అమెరికాలో అచ్చైనది. ఇట్లు పేరు లేని బిడ్డ పేరు సముద్రములు దాటినది. అట్టి పేరు మన యిండ్లలో మాత్రము మరుగున పడుట వింత గాదా!

పేరు చిన్న విషయమని తలంపరాదు. మహారాష్ట్రమున సాతారా జిల్లాలో కొందరు తల్లిదండ్రులు, కొడుకు కావలెనను ఆశతో, పుట్టిన ఆడుబిడ్డకు 'నకుసా' అని పేరు పెట్టుచుండిరి. మరాఠీ భాషలో ఆ మాటకు 'వలదు' అని యర్థము. ఆ పిల్లలు బడిలో పిలుపునకు లేచినప్పుడెల్ల తాము అక్కరలేనివారమని తామే పలుకవలసి వచ్చెడిది. 2011 అక్టోబరులో అచటి అధికారులు సభ జరిపి, 285 మంది బాలికలకు క్రొత్త పేర్లు పెట్టించిరి. 'వలదు' అను పేరొకటి, 'ఆడపిల్ల' అను పేరొకటి. మొదటిది తల్లిదండ్రులు వేసిన వాత. రెండవది శివుడు ఎత్తుకొనిన బిడ్డ.

అది పొరుగు రాష్ట్రపు ముచ్చట యని మనము ఊరడిల్లరాదు. ఆరేండ్ల లోపు పిల్లలలో వేయిమంది మగపిల్లలకు ఆడపిల్లలు ఎందరో జనాభా లెక్కలు చెప్పుచున్నవి. మన దేశమున 2001లో ఆ సంఖ్య 927. 2011లో 918కి దిగినది. గర్భమందే ఆడుశిశువును గుర్తించి తొలగించు పాపమును నిషేధించుచు 1994లో చట్టము వచ్చిన తరువాతి లెక్కలివి. చట్టము ఆస్పత్రి గుమ్మము వద్ద నిలుచును. ఇంటిలోనికి పోవలసినది ధర్మము. నుదుట విభూతి, మెడలో లింగము ధరించిన యింట ఆడుబిడ్డ పుట్టినదని ముఖము చిన్నబుచ్చుకొనుట జరిగినచో, అచట లింగము వెండి కరడిగెలో నున్నదే గాని గుండెలో లేదు.

ప్రొద్దుటూరు బంగారు అంగళ్లు నాలుగు జిల్లాలకు పేరెన్నిక గన్నవి. కూతురు పుట్టినది మొదలు పెండ్లికని సవరము సవరముగా కొని దాచు తల్లులు అచట అడుగడుగున కనబడుదురు. పులివెందుల చీనీతోటల రాబడిలోనుండి, జమ్మలమడుగు అంగడి రాబడిలోనుండి బిడ్డ నగలకు కొంత తీసియుంచు తండ్రులు కలరు. అది ప్రేమయే, కాదనరాదు. అయితే బంగారమును గీటురాతిపై గీచి చూచినట్లు, ఆ ప్రేమను గీచి చూచుటకు ఒక గీటురాయి కలదు. బిడ్డ నోరు తెరచి, "నాయనా, జరిగినది ఇది" అని చెప్పినప్పుడు తండ్రి వినునా? ఇంకను చదువుకొందుననినప్పుడు వినునా? ఈ సంబంధము వలదనినప్పుడు వినునా? అత్తవారింటినుండి కన్నీటితో వచ్చి తన కష్టము చెప్పుకొనినప్పుడు నమ్మునా, లేక నీదే తప్పని అదలించునా? గొడగూచి తండ్రి నిలిచిన చోటనే నేడు ఎందరో తండ్రులు నిలిచియున్నారు. వారి చేతిలోను పాలగిన్నెయే యున్నది.

కావున మాతలారా, తండ్రులారా! బిడ్డకు గొడగూచి యనియే పేరు పెట్టవలెనని ఎవరును నిర్బంధింపరు. కాలమునకు తగిన పేరు పెట్టుకొనుడు. అయితే అర్థము తెలిసి పెట్టుడు. బిడ్డకు మాటలు వచ్చినంతనే ఆ యర్థమును చెప్పుడు. ఇంటి పెద్దవ్వ పేరు బసమ్మయో, గురమ్మయో అయినచో, ఆ పేరు వెనుక నున్న శరణుల కథను రాత్రి అన్నము వేళ వినిపింపుడు. కొడుకునకు దీక్ష యిప్పించు నాడే కూతురికిని ఇప్పింపుడు. మఠములందు బాలురతో సమముగా బాలికలకును వచనములు నేర్పుడు, సభలో నిలిపి చెప్పింపుడు. అన్నిటికంటె ముఖ్యముగా, బిడ్డ చెప్పు మాటను ముగియువరకు వినుడు. వినిన పిదప విచారింపుడు. వినకమునుపే చేయెత్తకుడు.

ఆనాడు తండ్రి వినలేదు, శివుడు వినెను. నేడు మన యింటి కొడగూసు పలుకునప్పుడు తండ్రియే శివుడై వినవలెను. అప్పుడు ఆ బిడ్డ రక్షణకై లింగములో చొరవలసిన పనిలేదు. తండ్రి యొడిలోనే కైలాసము కలదు.

బసవేశ్వరుడు ఎల్లరకు అట్టి చెవిని, అట్టి మనస్సును అనుగ్రహించుగాక!

సర్వం లింగార్పణమస్తు. శరణు శరణార్థి.