లాభము లేని చదువు

భివండీ పట్టణమున ధామన్కర్ నాకా పరిసరములలో మరమగ్గముల మోత వినని పూట యుండదు. అచ్చటి వర్తకునకు నూలు ధర తెలియును, గ్రే గుడ్డ మీటరు ధర తెలియును. అట్టి యింట బి.ఏ. ముగించిన కుమారుడో కుమార్తెయో ప్రాకృతములోనో, చరిత్రలోనో, సమాజశాస్త్రములోనో ఎం.ఏ. చదివెదననినచో, పెద్దలు మొదట అడుగునది "దానివలన వచ్చునదేమి?" అని.

ప్రశ్న తప్పు కాదు. రెండేండ్ల కాలమును, ధనమును వెచ్చించువాడు ఫలమును విచారించుట వర్తక ధర్మమే. కాని ఆ ఫలము ఎవరికి చేరునో కూడ విచారింపవలెను.

షట్ఖండాగమమునకు వీరసేనాచార్యులు రచించిన ధవళ టీక మూడబిద్రి సిద్ధాంత బసదిలో తాళపత్రములపై శతాబ్దములు దాగియుండెను. దానిని 1939 మొదలు 1958 వరకు 16 సంపుటములుగా వెలువరించినవారు ఎం.ఏ. చదివిన హీరాలాల్ జైన్ గారు. ఆ ప్రకటనకు ఆధారము ఒక వర్తకుడు నెలకొల్పిన నిధి. ధనము లేనిచో గ్రంథము వెలుగు చూడదు. చదివినవాడు లేనిచో ఆ ధనమునకు దారి తెలియదు.

ఇక సమాజశాస్త్రము మాట. తెలుగు పద్మశాలీలు, ఉత్తర ప్రదేశ్ నుండి వచ్చిన ముస్లిం నేతగాండ్రు ఒకే వృత్తిపై బ్రదుకు ఊరు భివండీ. అచ్చట 1970లోను, 1984లోను మతకలహములు చెలరేగి ఎందరో ప్రాణములు కోల్పోయిరి. పొరుగువాడు పొరుగువానిపై ఏల తిరుగబడెను? చీమను గూడ తొక్కరాదని నడచు సమాజమునకు ఈ ప్రశ్న పట్టవలదా? కోపతాపములు లేక దానిని పరిశీలించుటకు శిక్షణ కావలెను.

అయితే పట్టమును గోడకు తగిలించుటకో, పెండ్లి సంబంధములలో చెప్పుకొనుటకో చదివినచో అదియు పరిగ్రహమే. అట్టి చదువును ప్రశ్నించుట పెద్దల విధి. నిజమైన జిజ్ఞాసను "దండుగ" అని అణచుట వేరు. ఇతరుల జ్ఞానార్జనకు అంతరాయము కల్పించుట జ్ఞానావరణ కర్మబంధమునకు హేతువని తత్త్వార్థసూత్రము ఆరవ అధ్యాయము తెలుపుచున్నది. దుకాణపు లెక్కలలో కనబడని నష్టమిది.

కావున ఆహార, ఔషధ దానములకు ముందుండు సంఘములు ఏటేట ఒక్క విద్యార్థి ఎం.ఏ. ఖర్చైనను భరించుట మేలు. శాస్త్రదానమనగా పుస్తకములు పంచుట మాత్రమే కాదు, వానిని చదువగలవారిని తయారు చేయుట కూడ. ఆ విద్యార్థియు తాను నేర్చినది వారమునకొక గంట పాఠశాల పిల్లలకు చెప్పి ఋణము తీర్చుకొనవలెను.