గెలుపు కోసం ప్రార్థన

అమెరికాలోని ఇండియానా రాష్ట్రంలో ఫాదర్ ఎడ్వర్డ్ సోరిన్ 1842లో స్థాపించిన క్యాథలిక్ విద్యాసంస్థ నోటర్ డామ్ విశ్వవిద్యాలయపు ఫుట్‌బాల్ (బంతిని చేతబట్టి పరుగెత్తే అమెరికన్ ఆట) జట్టు 1988 సీజన్‌లో ఆడిన 12 మ్యాచ్‌లూ గెలిచి జాతీయ విజేతగా నిలిచింది. మైదానం వైపు చూసే గ్రంథాలయపు గోడపై చేతులెత్తిన క్రీస్తు చిత్రాన్ని అభిమానులు ‘టచ్‌డౌన్ జీసస్’ అంటారు. టచ్‌డౌన్ అంటే బంతిని ప్రత్యర్థి గీత దాటించి ఆరు పాయింట్లు సాధించడం; రెఫరీ దాన్ని చేతులెత్తి సూచిస్తాడు. ఆ పిలుపులో భక్తి ఎంతో, పరిహాసం ఎంతో తేల్చడం కష్టం.

ఆ ఏడాది అక్టోబరు 15న నోటర్ డామ్‌తో ఆడిన మయామీ జట్టు చివరి నిమిషంలో, టచ్‌డౌన్ తర్వాత చేసే రెండు పాయింట్ల ప్రయత్నంలో విఫలమై 31-30తో ఓడింది. ప్రార్థించేవారు ఆ పక్షాన కూడా ఉండి ఉంటారు గనుక, దేవుడు ఎవరి మొర ఆలకించినట్టు? ప్రార్థన దైవసంకల్పాన్ని మార్చదనీ, ప్రార్థన ద్వారానే సిద్ధించాలని దేవుడు నిర్ణయించినవాటిని పొందే సాధనం మాత్రమేననీ 13వ శతాబ్దపు క్రైస్తవ వేదాంతి థామస్ అక్వినాస్ వాదించాడు. ఈ వాదం తర్కానికి నిలుస్తుంది కానీ, ఓడినవారి ప్రార్థన ఏమైందన్న ప్రశ్నను పరిష్కరించకుండా, దానిని మానవ బుద్ధికి అందని దైవసంకల్పంలోకి నెట్టివేస్తుంది. ఆటగాళ్ల క్షేమాన్నీ న్యాయబుద్ధినీ కోరే ప్రార్థన ఇరుపక్షాలకూ ఒకేసారి ఫలించగలదు. గెలుపును కోరే ప్రార్థనకు ఆ వీలు లేదు కనుక, తాత్త్వికంగా మొదటిదే సమర్థనీయం.