వీధులలో ఆడుకొను పిల్లలు

మూలవాక్యము: జెకర్యా 8:4, 5



జెకర్యా ప్రవక్త దినములలో యెరూషలేము పాడుపడిన పట్టణము. చెరలోనుండి తిరిగివచ్చినవారు కొద్దిమంది. ప్రాకారములు కూలియున్నవి. మందిరపు పని ఇంకను పూర్తికాలేదు. అట్టి జనులకు దేవుడు ఒక వాగ్దానమిచ్చెను. ఆ పట్టణమును ఆయన మరల బాగుచేసినప్పుడు దానికి గురుతు ఏమి? బంగారమని గాని, సైన్యమని గాని, ఎత్తైన గోపురములని గాని ఆయన చెప్పలేదు. ముసలివారు చేతికఱ్ఱ పట్టుకొని వీధులలో కూర్చుందురనియు, ఆ వీధులు ఆడుకొను మగపిల్లలతోను ఆడపిల్లలతోను నిండియుండుననియు చెప్పెను. పిల్లల ఆటను దేవుడు తన ఆశీర్వాదమునకు గురుతుగా పెట్టెను. మనము తరచుగా చదివి దాటిపోవు వాక్యమిది. ఈ నెల దీనియొద్ద కొంచెము నిలుతము.

మన వీధులు ఎట్లున్నవి? ఇచ్చోడను ఆనుకొని పోవు 44వ నంబరు జాతీయ రహదారిమీద రేయింబవళ్లు లారీలు పరుగెత్తుచున్నవి. ఆ ప్రక్కకు పిల్లలను పంపుటకు తల్లులకు భయము, ఆ భయము న్యాయమైనదే. ఒకప్పుడు చేలగట్లవెంట నడిచి బడికి పోయిన పిల్లలు ఇప్పుడు అనేకులు ఆటోలలో పోవుచున్నారు. చిర్రగోనె, గోలీలు, కోతికొమ్మచ్చి ఆడిన చెట్లక్రింద ఇప్పుడు పిల్లలు తలలు వంచుకొని ఫోనులు చూచుచున్నారు. 2020 మార్చిలో కరోనా వ్యాధివలన బడులు మూతపడెను. ఆ యేట సెప్టెంబరు 1 నుండి మన రాష్ట్రములో దూరదర్శన్ యాదగిరిలోను టి-శాట్‌లోను పాఠములు చెప్పిరి. పాఠముకొరకని అనేక గృహములలో పిల్లల చేతికి ఫోను వచ్చెను. బడులు తెరచిరి, పాఠములు బడికి తిరిగి పోయెను గాని ఫోను మాత్రము పిల్లల చేతిలోనే నిలిచిపోయెను.

మా యొద్దకు ప్రార్థనకొరకు వచ్చు తల్లులు పలుమారు చెప్పు మాట ఒకటి కలదు. "అయ్యగారూ, మావోడు ఒక్క తాన కూసుండడు. చెప్పింది వినడు. బడిల దినాము దెబ్బలే. జర ప్రార్థన చెయ్యిండ్రి." అట్టి తల్లులను, అట్టి పిల్లలను మనస్సునందుంచుకొని ఈ వాక్యమునుండి మూడు సంగతులు ధ్యానింతము.

మొదటిది: దేవుడు పిల్లలను కదలుటకే చేసెను.

లూకా సువార్త రెండవ అధ్యాయములో మన ప్రభువు పండ్రెండేండ్ల బాలుడు. నజరేతునుండి యెరూషలేమునకు వంద కిలోమీటర్లకు పైబడిన ప్రయాణము. తిరుగు ప్రయాణములో ఆయన బంధువుల గుంపులోనే ఎక్కడనో ఉండునని తలంచి తల్లిదండ్రులు ఒక దినమంతయు నడిచిరి. అనగా పిల్లలు ఆ గుంపులో తిరుగుట వారికి అలవాటే. అంత దూరము ప్రయాణము చేసిన ఆ బాలుడే దేవాలయములో బోధకుల మధ్య కూర్చుండి, వారి మాటలు వినుచు ప్రశ్నలడిగెను. ఆ అధ్యాయపు ముగింపులో లూకా ఆయన జ్ఞానమందును వయస్సునందును ఎదిగెనని వ్రాసెను. మనము ఒకదానికి ఎరువువేసి రెండవదానిని ఎండబెట్టుచున్నాము. ట్యూషనుకు రూకలిత్తుము గాని ఆటకు ఒక గంట ఈయము.

ప్రపంచ ఆరోగ్య సంస్థ 2020లో ఇచ్చిన సలహా ప్రకారము 5 మొదలు 17 ఏండ్ల వయస్సుగలవారు దినమునకు సగటున 60 నిమిషములైనను ఒళ్ళు వెచ్చబడి ఊపిరి వేగమగునట్లు ఆడవలెను. అయితే ఆ సంస్థ 2019లో 146 దేశముల లెక్కలు ప్రచురించగా, 11 మొదలు 17 ఏండ్ల వయస్సులో బడికిపోవువారిలో నూటికి 81 మంది అంతమాత్రమును కదలుట లేదని తేలినది. మగపిల్లలలో 78 మంది, ఆడపిల్లలలో 85 మంది.

ఆడపిల్లల సంగతి ప్రత్యేకముగా గమనింపుడి. ప్రవక్త మగపిల్లలను మాత్రమే చెప్పి ఊరకుండలేదు, ఆడపిల్లలనుకూడ చెప్పెను. మన ఇండ్లలో అన్న బంతి పట్టుకొని పోవును, చెల్లెలు చంటిబిడ్డను చంకనెత్తుకొని గడపలో నిలుచును. మా అమ్మాయి పత్తి ఏరుచున్నది గదా, ఆమెకు ఆట ఎందుకు అందురు కొందరు. పని వేరు, ఆట వేరు. పనిలో దేహము అలయును, ఆటలో దేహమును మనస్సును కలిసి ఎదుగును.

శరీరసాధకము కొంచెమే ప్రయోజనకరమని పౌలు తిమోతికి వ్రాయలేదా అని ఎవరైన అడుగవచ్చును. వ్రాసెను. భక్తి దానికన్న మిక్కిలి గొప్పదని చెప్పుటకు వ్రాసెను. అపొస్తలుడు కొంచెమనెను గాని ఏమియు లేదనలేదు. ఆ కొంచెమును పిల్లలకు ఈయకుండ చేయుటకు మనమెవరము?

రెండవది: కదలిన దేహము మనస్సును నిలుపుటకు తోడ్పడును.

కదలనీయకుండ కూర్చుండబెట్టినయెడల పిల్లవాడు చదువునని మనము తలంతుము. పరిశోధించినవారు కనుగొన్నది వేరు. అమెరికా దేశములోని ఇల్లినాయి విశ్వవిద్యాలయమువారు 7 మొదలు 9 ఏండ్ల పిల్లలు 221 మందిని రెండు గుంపులు చేసిరి. ఒక గుంపును బడి విడిచిన తరువాత తొమ్మిది నెలలు ఆడించిరి. 2014లో ఆ ఫలితములు ప్రచురింపబడెను. ఆడిన పిల్లలు మనస్సును చెదరనీయకుండ ఒక పనిమీద నిలుపుటలోను, ఒక పనినుండి మరియొక పనికి త్రిప్పుకొనుటలోను ఆడనివారికంటె ఎక్కువ బాగుపడిరి. ఆటలో గుండె వేగముగా కొట్టుకొనును, మెదడునకు రక్తము బాగుగా పారును. అంతేకాదు, చెడుగుడు ఆడు పిల్లవాడు కూత విడువకూడదు, గీత దాటకూడదు, ఎదుటివాని కాలుమీదనుండి కన్ను తీయకూడదు. మనస్సును అదుపులో పెట్టుకొను పాఠము అది గాక మరేమి?

ఫోను ఇచ్చితే గంటలకొలది కదలకుండ కూర్చుండును గదా అందురు. నిజమే. ఆ తెరమీది బొమ్మ క్షణక్షణము మారుచుండును, పిల్లవాడు తన మనస్సును తాను నిలుపనక్కరలేదు. ఎద్దును తోలువాడు తోలుచున్నంతసేపు బండి పోవును. ఎద్దు దానంతట అది దారి నేర్చినదని దాని అర్థము కాదు.

మూడవది: ఆట ఒక్కటే చాలని పిల్లలుకూడ కలరు.

దీనిని మిక్కిలి శ్రద్ధగా చదువుడి. కొందరు పిల్లలు ఎంత ఆడినను ఒకచోట నిలువలేరు. మాట ముగియకమునుపే జవాబు చెప్పుదురు. వరుసలో ఆగలేరు. పలక, సంచి, చెప్పులు ఎక్కడనో మరచివత్తురు. మరికొందరు, వారిలో ఆడపిల్లలు అనేకులు, అల్లరి చేయరు గాని కూర్చున్నచోటనే మనస్సు ఎటో పోవును. అట్టివారిని మొద్దు అని పిలిచి విడిచిపెట్టుదురు. వైద్యులు దీనికి పెట్టిన పేరు ఎ.డి.హెచ్.డి. ఇది ఫోనులు వచ్చిన తరువాత పుట్టినది కాదు. 1902లోనే లండనులో జార్జ్ స్టిల్ అను పిల్లల వైద్యుడు ఇట్టి పిల్లలనుగూర్చి ఉపన్యాసములు చేసెను. లోకమంతటిలో నూటికి దాదాపు 5 మంది పిల్లలకు ఇది ఉన్నదని లెక్క. మెదడు ఎదుగు తీరులోని భేదమువలన ఇది కలుగును, అనేక కుటుంబములలో వంశమున వచ్చుచుండును.

కావున తల్లులారా, ఇది మీ పెంపకపు దోషము కాదు. పుట్టుగ్రుడ్డివానిని చూచి, ఎవడు పాపము చేసెను, వీడా వీని కన్నవారా అని శిష్యులడిగినప్పుడు, మన ప్రభువు వీడును కాదు, వీని కన్నవారును కారు అని తేల్చి చెప్పెను. ఇరుగుపొరుగువారు నిందించినప్పుడు యోహాను తొమ్మిదవ అధ్యాయము జ్ఞాపకము చేసికొనుడి. ఇది దయ్యముకూడ కాదు. ప్రార్థన చేయుడి, మేమును మీతో చేయుదుము. అయితే విడుదల పేరుతో పిల్లవానిని కొట్టుట, కట్టివేయుట, పస్తు పెట్టుట ప్రభువు సెలవిచ్చిన కార్యము కాదు. రోగులకు వైద్యుడు అక్కరయని చెప్పినది ఆయనే. పౌలుకు ప్రియుడైన లూకా వైద్యుడే.

ఏమి చేయవలెను? ఒక నెల, రెండు నెలలు చూచి పేరు పెట్టకుడి. ఆరు నెలలకు తక్కువ కాకుండ, బడిలోను ఇంటిలోను రెండు చోట్లను, పండ్రెండేండ్లలోపుననే ఈ గురుతులు కనబడినప్పుడే వైద్యులు ఎ.డి.హెచ్.డి. అని ఆలోచింతురు. అంతకుముందు చెవులు, కండ్లు, రక్తము చూపింపుడి. పిలిచినను పలుకని పిల్లవానికి చెవి వినబడకపోవచ్చును. రక్తహీనతగల బిడ్డ పాఠముమీద మనస్సు నిలుపలేదు. 2019-21 కుటుంబ ఆరోగ్య సర్వేలో మన తెలంగాణలో అయిదేండ్లలోపు పిల్లలు నూటికి 70 మందికి రక్తము తక్కువగా ఉన్నట్లు తేలినది. 2013లో మొదలైన రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమపు వైద్యులు అంగన్వాడీలకును సర్కారు బడులకును వచ్చినప్పుడు మీ బిడ్డ సంగతి దాచక చెప్పుడి. వారు చూడవలసిన వ్యాధుల పట్టికలో ఇదియు ఉన్నది. ఆదిలాబాదులోని రిమ్స్ ఆసుపత్రిలో పిల్లల వైద్యునికి చూపుడి. నేర్పు పద్ధతులుకూడ కలవు, మందులుకూడ కలవు. మందు వైద్యుడు వ్రాసిన మేరకే వేయవలెను, ఇరుగుపొరుగు మాట విని మానివేయరాదు. ఆట ఈ పిల్లలకును మేలుచేయును గాని వైద్యమునకు బదులు కానేరదు.

దెబ్బలు మాత్రము దీనికి మందు కాదు. 2009 విద్యాహక్కు చట్టము 17వ సెక్షను బడిలో పిల్లలను కొట్టుటను, మనస్సు నొప్పించుటను నిషేధించినది. ఆ మాట ఉపాధ్యాయునితో మర్యాదగా చెప్పు హక్కు కూలిచేయు తల్లికిని కలదు.

ఇట్టి పిల్లలకు నేర్పు విధమును ఏలీ చూపించెను. దేవుడు పిలిచినప్పుడు బాలుడైన సమూయేలు పరుగెత్తి ఏలీయొద్దకు వచ్చెను. ఒకసారి కాదు, మూడుసార్లు నిద్ర లేపెను. ఏలీ కోపపడలేదు. మూడవసారి సంగతి గ్రహించి, పోయి పండుకొనుమని చెప్పి, పలుకవలసిన ఒక చిన్న మాట నేర్పెను. మనమును అట్లే చేయుదము. పిల్లవాని దగ్గరకు పోయి, కన్నులలోనికి చూచి, ఒకసారి ఒక పనియే చెప్పుదము. అది చేసిన వెంటనే మెచ్చుకొందము. తరువాత రెండవది చెప్పుదము.

అమెరికా ఈతగాడు మైఖేల్ ఫెల్ప్స్‌కు తొమ్మిదేండ్ల వయస్సులో ఎ.డి.హెచ్.డి. ఉన్నదని వైద్యులు చెప్పిరి. ఆయన ఒలింపిక్ క్రీడలలో 28 పతకములు గెలిచెను. ప్రతి పిల్లవాడును పతకములు తెచ్చునని మేము చెప్పము. కుదురులేని బిడ్డ చెడిపోయిన బిడ్డ కాదని మాత్రము చెప్పుచున్నాము.

సంఘముగా మనము చేయదగినవి మూడు పనులు. సండేస్కూలులో పాఠము పది, పదిహేను నిమిషములకు మించనీయక, నడుమ చేతులు కాళ్లు కదలు పాటలు పెట్టుదము. గుడి ఆవరణము ఖాళీగా ఉన్నచోట సాయంకాలము ఒక గంట దానిని ఊరి పిల్లలందరికి, ఏ మతమువారైనను, తెరచియుంచుదము. పెద్దలలో ఒకరు కావలి కూర్చుండవలెను. ప్రవక్త చెప్పిన ముసలివారు వీధిలో కూర్చుండినది అందుకేనేమో! మూడవది, ఆరాధనలో కదలుచున్న బిడ్డనుబట్టి తల్లిని వెనుకకు తిరిగి చూడకుందము. ఆ ఒక్క చూపునకు జడిసి ఆమె మరుసటి ఆదివారము ఇంటియొద్దనే నిలిచిపోవును.

త్రోయలో పౌలు అర్ధరాత్రివరకు ప్రసంగించుచుండగా ఐతుకు అను యౌవనస్థుడు కిటికీలో కూర్చుండి నిద్రపోయి మూడవ అంతస్థునుండి పడెను. ప్రసంగము వినలేదని లూకా అతనిని నిందించి ఒక్క మాటయు వ్రాయలేదు. అపొస్తలుడు ప్రసంగము ఆపి, క్రిందికి దిగిపోయి, అతనిని కౌగిలించుకొనెను. వాక్యము వినలేకపోయిన పిల్లవానికొరకు వాక్యము చెప్పువాడు మెట్లు దిగెను. మన ఇండ్లలోను బడులలోను గుడులలోను మెట్లు దిగవలసినవారము పెద్దలమే.

ప్రార్థన: చిన్నపిల్లలను ఎత్తి కౌగిలించుకొనిన ప్రభువా, మా వీధులను ఆటలతో నింపుము. నిలువలేని బిడ్డలయెడల మాకు ఓర్పును, వారి తల్లులకు ధైర్యమును, వైద్యులకు ఉపాధ్యాయులకు జ్ఞానమును దయచేయుము. ఆమేన్.