ప్రాతబొమ్మ - క్రొత్తమాట

పూర్వము కీర్తిశేషుడనగా కీర్తిమాత్రమే మిగిలినవాడు. చలనచిత్రము పుట్టిన పిదప వాని నడకయు, చూపును, కంఠధ్వనియు గూడ మిగులుచున్నవి. ఇట్లు మిగిలినదానిని బ్రతికియున్నవారు ఏయే పనులకు వాడుకొనవచ్చును? ఇది స్టూడియోలవారికి మాత్రమే చెందిన ప్రశ్న కాదు. ఇంటింట టెలివిజను ముందు గూర్చుండు మనకందఱకును చెందినది.

జూబిలీహిల్సు, ఫిల్మునగరుల నాశ్రయించుకొనియున్న మన చిత్రపరిశ్రమలో నీ ప్రశ్న రెండు విధముల బొడకట్టినది. 1996లో దివంగతులైన నందమూరి తారక రామారావుగారు 2007 నాటి ‘యమదొంగ’లో కంప్యూటరు నైపుణ్యమువలన తమ మనుమని చిత్రమున మరల గానవచ్చిరి. 1957 నాటి ‘మాయాబజారు’ నలుపు తెలుపుల చిత్రము. అది 2010లో రంగులు దిద్దబడి ప్రదర్శింపబడెను. అప్పటికి దర్శకులు కె. వి. రెడ్డిగారు లేరు, రంగారావుగారును, సావిత్రిగారును లేరు. వారి యనుమతి నెవ్వరడుగగలరు?

శాసనము కొంతదూరమే తోడు వచ్చును. మన దేశమున చలనచిత్రముపై హక్కు ప్రకటనానంతరము అరువది యేండ్లు నిలుచును. ఆ లెక్కను ‘మాయాబజారు’ హక్కు 2017తో ముగిసినది. నటుని కీర్తికి భంగము గలుగునట్లు అతని ప్రదర్శనమును వికృతము చేయరాదని 2012 నాటి సవరణము చెప్పుచున్నది. కాని హక్కునకు గడువున్నట్లు మర్యాదకు గడువు లేదు.

అట్లైన, ప్రాత చిత్రములను ముట్టకుండుటయే ధర్మమా? కాదు. పెట్టెలో మూలబడిన ఫిల్ము పులిసిన వాసన గొట్టి నశించును. రంగులు దిద్దుటవలననే ‘మాయాబజారు’ను క్రొత్తగా జూచిన పిల్లలు గలరు. మూలప్రతిని చెఱుపక, ఇది తరువాతివారి పనియని చెప్పినచో నిందు దోషము స్వల్పము.

‘చచ్చినవారికి నష్టమేమి? చూచువారికి ఆనందమే గదా!’ అని కొందఱందురు. బ్రతికియున్నవాడు తనపై మోపిన యబద్ధమును ఖండించుకొనగలడు, మృతుడు ఖండింపలేడు. కావుననే వాని మాటకు మనము పూచీదారులము. మనువు నిక్షేపమును వ్యవహారపదములలో నొకటిగా జేర్చెను. దాచుమని యిచ్చిన సొమ్మును దాచవలెను గాని, తన యిచ్చవచ్చినట్లు కరగించి క్రొత్త నగ చేయించుకొనరాదు. మృతుని ముఖమును, కంఠమును నట్టి నిక్షేపములే.

‘యమదొంగ’లో యమలోకమే కల్పితము, అందు మోసపోవువాడు లేడు. 1963లో హతుడైన కెన్నెడీ 1994 నాటి ‘ఫారెస్ట్ గంప్’లో కల్పితనాయకునితో సంభాషించినను, అది వేడుకయే యని జనులెఱుగుదురు. కాని రామారావుగారు నటులే కాదు, ముఖ్యమంత్రియు నైయుండిరి. ఆ ముఖముచేతనే నేటి యెన్నికలో నొకరికి వోటు వేయుమని పలికించినచో, అది వేడుక గాదు, కూటసాక్ష్యము. అటులనే వెనుకటి వరదబొమ్మను నేటి వరదయని వార్తలలో జూపుట. చిత్రము నిజమే, దానికి దగిలించిన మాట యబద్ధము.

భవభూతి ‘ఉత్తరరామచరిత్ర’ మొదటి యంకమున సీత తన గతజీవితమునే చిత్రములలో జూచి, శూర్పణఖ బొమ్మకు వెఱచును. ఇది చిత్రమేయని రాముడామెకు జ్ఞప్తిచేయును. రాముని యా యొక్క మాటయే నేటి ప్రదర్శకులనుండి మనము గోరవలసినది. తెరమూలను ‘ప్రాత దృశ్యము’ అని సంవత్సరముతో వ్రాయుటకు వ్యయమెంత?

‘మాయాబజారు’లోనే రెండు వింత వస్తువులు గలవు. ప్రియదర్శిని తెఱచినవానికి వానికి ప్రియమైనదానినే చూపును. సత్యపీఠముపై నిలిచిన శకునియంతవాడును నిజమే పలుకును. ప్రాత చిత్రము స్వభావమున సత్యపీఠము వంటిది. దానిని ప్రియదర్శినిగా మార్చుకొనవలెనను నాశ మనలోనే యున్నది. మన యభిమాన పురుషుడు మనకిష్టమైన మాట చెప్పినప్పుడే, ఈ మాట వీరెప్పుడు చెప్పిరని ముందుగా విచారింపవలెను. ఈ యభ్యాసమును పిల్లలకు నేర్పుట ఇంటి పెద్దల విధి. చట్టము వచ్చువఱకు దానికై వేచియుండ బనిలేదు.