విజేతల పట్టికలో లేనివాడు

కళ కళ కోసమా, ప్రజల కోసమా అన్న వాదం మన సభల్లో ఎన్నో ఏళ్ళు నడిచింది. కళ కళ కోసమే అన్నవారిని మనం ఒక్క ప్రశ్న అడిగాము: అయ్యా, ఆ కళను అనుభవించే తీరిక ఎవరికున్నది? ఆ ప్రశ్నతోనే సగం వాదం తేలిపోయింది. కాని ఆ వాదానికి ఒక తోబుట్టువు ఉన్నది. దాని జోలికి మనం పెద్దగా పోలేదు. ఆట ఆట కోసమా, డబ్బు కోసమా? ఈ ప్రశ్న వచ్చేసరికి అభ్యుదయవాదులమని చెప్పుకొనే మనలోనే చాలామందిమి తడుముకోకుండా ఎదుటిపక్షం జవాబు చెబుతాము: ఆట ఆట కోసమే, డబ్బు ముట్టిందంటే ఆట చెడినట్టే అని. నేనూ అట్లా చెప్పినవాణ్ణే. ఆ మాట ఇప్పుడెందుకు చెప్పలేకపోతున్నానో వివరించడమే ఈ వ్యాసం ఉద్దేశం.

సుల్తానాబాద్ రైసుమిల్లుల ఊరు. వానకాలం వరి కోతలు ముగిసి ధాన్యం మిల్లులకు చేరే రోజుల్లో ఇక్కడ బస్తా మోసే భుజానికి తీరిక ఉండదు. నా దగ్గర చదువుకొన్న ఒక విద్యార్థి ఆ రోజుల్లో హమాలీ పనికి పోయేవాడు. కబడ్డీలో అతడు కూతకు వెళ్ళినాడంటే ఎదుటి జట్టు వెనక్కి జరిగేది. కళాశాలల మధ్య పోటీలు సరిగ్గా ఆ రోజుల్లోనే వచ్చినాయి. మూడు రోజులు ఊరు విడిచి పోవాలి. అతడు రానన్నాడు. పదిమందిలో నిలబెట్టి మందలించాను: "కాలేజీ పరువు కోసం మూడు రోజులు ఇవ్వలేవా? ఆట మీద ప్రేమ ఉన్నవాడు ఇట్లా లెక్కలు వేయడు."

అతడు తల వంచుకొని, "ప్రేమ ఉన్నది సార్. మూడు రోజుల కూలి ఎవరిస్తరు?" అన్నాడు.

నాకు జవాబు తోచలేదు. జట్టు అతడు లేకుండానే పోయింది. గెలిచి షీల్డు తెచ్చింది. విజేతల పేర్లు రంగుతో వ్రాసి గోడకు బల్ల తగిలించినారు. ఓడి వచ్చి ఉంటే, ఫలానా అతడు ఎందుకు రాలేదని ఎవరైనా అడిగి ఉండేవారేమో. గెలిచాము గనుక ఎవరూ అడగలేదు. గెలుపుకు ఈ గుణం ఉన్నది: వచ్చినవారి పేర్లు వ్రాస్తుంది, రాలేకపోయినవారిని తుడిచివేస్తుంది.

అతడి ప్రశ్న చాలా పాతదని నాకు తరువాత తెలిసింది. సముద్రాల అవతల ఆ ప్రశ్న మీద ఒక ఆటే రెండు ముక్కలయింది. ఆ ఆట రగ్బీ. కోడిగుడ్డు ఆకారపు బంతిని చేతబట్టి పరుగెత్తడం, ఎదుటివాళ్ళు మీదపడి పట్టడం. పట్టు విషయంలో మన కబడ్డీకి దూరపు చుట్టమనవచ్చు. ఇంగ్లండులో శ్రీమంతుల బిడ్డలు చదివే పాఠశాలల్లో పెరిగిన ఈ ఆట పంతొమ్మిదో శతాబ్దం చివరి భాగంలో ఉత్తరాదికి, యార్క్‌షైర్, లాంకషైర్ ప్రాంతాల బొగ్గు గనుల్లోకి, ఉన్ని మిల్లుల్లోకి, నూలు మిల్లుల్లోకి పాకింది. అక్కడివాళ్ళకు శనివారం కూడా సగం రోజు పని. దూరపు పోటీకి పోవాలంటే ఆ పూట కూలి పోతుంది. ఆ పోయిన కూలిని క్లబ్బు ఇచ్చుకోవచ్చునా? దీనినే వారు 'బ్రోకెన్ టైమ్' అన్నారు. మన మాటలో చెప్పాలంటే, తెగిపోయిన పొద్దు.

1893 సెప్టెంబరు 20న లండన్‌లోని ఒక హోటలులో రగ్బీ యూనియన్ సర్వసభ్య సమావేశం జరిగింది. పోయిన కూలి ఇవ్వడానికి అనుమతించాలని యార్క్‌షైర్ ప్రతినిధులు తీర్మానం పెట్టినారు. అనుకూలంగా 136 ఓట్లు, వ్యతిరేకంగా 282 ఓట్లు. తీర్మానం వీగిపోయింది. ఆట పవిత్రమైనది, దానికి డబ్బు అంటరాదు అన్నది గెలిచినవారి వాదం.

ఆ తేదీ పక్కన ఇంకొక తేదీ పెట్టి చూడండి. సరిగ్గా పదమూడు రోజుల ముందు, సెప్టెంబరు 7న, అదే యార్క్‌షైర్‌లో ఫెదర్‌స్టోన్ అనే గనుల ఊరిలో సైనికులు జనం మీద కాల్పులు జరిపినారు. కూలి తగ్గింపుకు ఒప్పుకోనందుకు యజమానులు గనులు మూసివేసిన రోజులవి. ఇద్దరు చనిపోయినారు. ఈ రెండు సంఘటనలకు కార్యకారణ సంబంధం ఉన్నదని నేను అనను. కాని ఒకే నెలలో, ఒకే ప్రాంతపు శ్రామికుడికి రెండు చోట్ల ఒకే మాట చెప్పినారు: నీ పొద్దుకు విలువ కట్టవలసింది నువ్వు కాదు.

రెండేళ్ళకు, 1895 ఆగస్టు 29న హడర్స్‌ఫీల్డ్‌లోని జార్జి హోటలులో ఉత్తరాది క్లబ్బులు సమావేశమై విడిపోయినాయి. నార్తర్న్ యూనియన్ పుట్టింది. 1922 నుండి దానిదే రగ్బీ ఫుట్‌బాల్ లీగ్ అన్న పేరు. పోయిన రోజుకు ఆరు షిల్లింగుల వరకు ఇవ్వవచ్చునన్నది దాని మొదటి నియమం. 22 క్లబ్బులు ఆడిన మొదటి పోటీలో, 1895-96లో, విజేత ఎవరు? బ్రాడ్‌ఫర్డ్ పట్టణంలోని మానింగ్‌హామ్. లిస్టర్ అనే యజమాని పట్టు మిల్లు ఉన్న పేట అది. 1890 డిసెంబరులో కూలి కోతకు ఎదురు తిరిగి దాదాపు ఐదు వేలమంది అక్కడ సమ్మె చేసినారు. 1891 ఏప్రిల్‌లో ఓడిపోయినారు. ఆ ఓటమి నుండే ఆ పట్టణంలో కార్మిక రాజకీయాలు బలపడినాయి. 1893 జనవరిలో ఇండిపెండెంట్ లేబర్ పార్టీ అక్కడే పుట్టింది. రగ్బీ లీగ్ విజేతల పట్టికలో మొదటి గీత మీద ఉన్న పేరు ఈ పేటది. తెగిన పొద్దుకు కూలి ఇవ్వని ఆటలో ఈ పేరు పైకి రావడం ఎంత కష్టమో ఊహించుకోవచ్చు.

ఇక్కడ ఒక ఆక్షేపణ వస్తుంది. దానిని దాటవేయడం న్యాయం కాదు. 'ఈనాడు పోయిన కూలి అంటారు, రేపు జీతం అంటారు, ఎల్లుండి ఆటగాడు సంతలో పశువవుతాడు. మొదటి మెట్టు దగ్గరే ఆపాలి' అన్నది ఆ ఆక్షేపణ. చరిత్ర దీనికి కొంత సాక్ష్యం ఇస్తుంది కూడా. 1898లోనే నార్తర్న్ యూనియన్ జీతం తీసుకొని ఆడడాన్ని అనుమతించింది. ఆటగాడికి వేరే ఒక వృత్తి ఉండి తీరాలన్న షరతు మాత్రం పెట్టింది. 1905లో అదీ తీసివేసింది. మొదటి విజేత మానింగ్‌హామ్ ఏమయింది? ఖర్చులకు తాళలేక 1903లో రగ్బీనే విడిచిపెట్టి, బ్రాడ్‌ఫర్డ్ సిటీ అన్న పేరుతో ఫుట్‌బాల్ క్లబ్బుగా మారిపోయింది. నూరేళ్ళ తరువాత, 1995లో, రూపర్ట్ మర్డాక్ సంస్థ 8 కోట్ల 70 లక్షల పౌండ్లతో వచ్చింది. శీతాకాలపు ఆట వేసవి ఆటగా మారింది. 1996లో సూపర్ లీగ్ మొదలయింది. కాల్పులు జరిగిన ఆ ఫెదర్‌స్టోన్ జట్టు 1967లో, 1973లో, 1983లో చాలెంజ్ కప్పు గెలిచిన జట్టు. దానిని పక్క ఊళ్ళ జట్లతో కలిపివేయాలని ఆ ఏడాది ప్రతిపాదన వచ్చింది. జనం ఒప్పుకోలేదు. విలీనం ఆగింది గాని, మొదటి సూపర్ లీగ్‌లో ఆ ఊరికి చోటు దొరకలేదు. 1998 నుండి 2024 వరకు జరిగిన 27 గ్రాండ్ ఫైనళ్ళలో గెలిచిన క్లబ్బులు నాలుగే: విగన్, సెయింట్ హెలెన్స్, లీడ్స్, బ్రాడ్‌ఫర్డ్. ఐదో పేరుగా హల్ కింగ్‌స్టన్ రోవర్స్ చేరడానికి 2025 రావలసి వచ్చింది.

అయితే ఆక్షేపకులదే గెలుపా? కాదు. వారు రెండు వేరువేరు వస్తువులను ఒక్క డబ్బు అన్న మాటతో కలిపివేస్తున్నారు. కూలి వేరు, ధర వేరు. కూలి మనిషి పోగొట్టుకొన్న పొద్దుకు ఇచ్చేది. ధర మనిషికే కట్టేది. కూలి ఇస్తే రాలేనివాడు రాగలుగుతాడు, ద్వారం వెడల్పవుతుంది. ధర కడితే కొనగలిగినవాడి దగ్గరికి అందరూ చేరుతారు; ద్వారం మళ్ళీ ఇరుకవుతుంది. మొదటిదానిని నిరాకరించినవారు రెండోదానిని ఆపినారా? అదీ లేదు. డబ్బు అంటరాదన్న రగ్బీ యూనియన్ కూడా 1995 ఆగస్టులో, అంటే సరిగ్గా నూరేళ్ళకు, జీతాల ఆటను ఒప్పుకొన్నది. ఆ నూరేళ్ళూ లీగ్‌లో ఆడినవారిని వెలివేసింది. శ్రామికుడి ఆరు షిల్లింగులు మైలపడినవి. కోట్ల పౌండ్లు మాత్రం మడికట్టుకొన్నవి!

ఇంత దూరపు కథ మనకెందుకని అనకండి. మన హైదరాబాదు ఫుట్‌బాల్ కథలో ఈ ప్రశ్న ఇంకా చిక్కుగా ఉన్నది. హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుండి 1954 వరకు వరుసగా ఐదేళ్ళు బొంబాయి రోవర్స్ కప్పు గెలిచింది. 1950లోనే మోహన్ బగాన్‌ను ఓడించి డ్యూరాండ్ కప్పు తెచ్చింది. 1956-57, 1957-58లలో సంతోష్ ట్రోఫీ హైదరాబాదుదే. దీని వెనుక ఉన్న మనిషి సయ్యద్ అబ్దుల్ రహీం ఒక బడిపంతులు. ఆయన శిక్షణలోనే భారత జట్టు 1956 మెల్బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది, 1962 జకార్తా ఆసియా క్రీడల్లో దక్షిణ కొరియాను 2-1తో ఓడించి స్వర్ణం గెలిచింది. మరుసటి ఏడే ఆయన క్యాన్సర్‌తో కన్నుమూసినాడు.

ఆ జట్టు సంపన్నుల జట్టు కాదు. పోలీసుశాఖ నౌకరీ ఇచ్చింది గనుక ఆ పిల్లలు ఆడగలిగినారు. ఇక్కడ మన గొంతులో ముల్లు గుచ్చుకొంటుంది. 1950 అంటే తెలంగాణ సాయుధపోరాటం ఇంకా విరమించని ఏడు. పల్లెల్లో పోలీసు క్యాంపులున్న ఏడు. ఆ ఖాకీ మీద మన పెద్దలకు ఉన్న జ్ఞాపకాలు వేరు. అదే ఖాకీ ఒక పేద ఆటగాడికి అన్నం పెట్టింది, బంతి వెంట పరుగెత్తే తీరిక ఇచ్చింది. ఈ రెండూ నిజాలే. ఒకదానితో మరొకదానిని కడగలేము. నేను గ్రహించినది ఇంతే: తీరిక హక్కుగా దొరకని సమాజంలో అది ఎవరి చేతుల్లో ఉంటే వారి ముద్రతోనే దొరుకుతుంది. అందుకు తప్పు ఆటగాడిది కాదు.

తులసీదాస్ బలరాం సంగతి తీసుకోండి. సికింద్రాబాదు దగ్గరి అమ్ముగూడలో పేద కుటుంబంలో పుట్టినవాడు. రెండు ఒలింపిక్స్ ఆడి, రోమ్‌లో 1960లో హంగరీ మీద గోలు కొట్టినవాడు, జకార్తా స్వర్ణ విజేత. కుర్రవాడుగా ఉన్నప్పుడు హైదరాబాదుకు సాధనకు వచ్చిపోవడానికి సైకిలు కిరాయి డబ్బులు రహీం సాబ్ ఇచ్చినాడని తరువాత ఆయనే చెప్పుకొన్నాడు. రహీం ఆ కుర్రవాడికి ఆట మీద ప్రేమ గురించి ఉపన్యాసం ఇవ్వలేదు. సైకిలు కిరాయి ఇచ్చినాడు. ఆయనా ఉపాధ్యాయుడే, నేనూ ఉపాధ్యాయుణ్ణే. ఈ తేడా తలచుకొన్నప్పుడల్లా నాకు సిగ్గు వేస్తుంది.

ఇక ధర సంగతి. 2019లో హైదరాబాదు పేరుతో ఒక క్లబ్బు పుట్టింది; 2022 మార్చిలో ఇండియన్ సూపర్ లీగ్ గెలిచింది. ఊరు సంబరపడింది. 2025లో ఆ క్లబ్బు చేతులు మారి, పేరు మార్చుకొని ఢిల్లీకి తరలిపోయింది. రహీం తయారుచేసిన ఆట ఈ ఊరి గల్లీల్లో మొలిచింది గనుక దాని జ్ఞాపకమైనా ఊరికి మిగిలింది. కొన్నవాడు తన సరుకు తీసుకుపోతే అడిగే హక్కు ఎవరికుంటుంది?

కాబట్టి విజేతల పట్టికను మనం రెండుసార్లు చదవాలి. మొదటిసారి ఉన్న పేర్ల కోసం. వారి ప్రతిభ అబద్ధం కాదు, వారి చెమట అబద్ధం కాదు. మా కళాశాల బల్ల మీది పేర్లు కూడా న్యాయంగా గెలిచినవే. రెండోసారి లేని పేర్ల కోసం. మిల్లులో బస్తా కింద ఉన్నవాడు, గోదావరిఖనిలో షిఫ్టు దిగినవాడు, బీడీలు చుడుతూ వేయి లెక్క పూర్తి కాక మైదానం మొహం చూడని ఆడపిల్ల, వీరందరూ పోటీలోకే రాలేదు. అందరూ రాగలిగిన పోటీలో గెలిచినప్పుడే గెలుపు పూర్తి గెలుపు. అంతవరకు అది కొందరిలో మొదటి స్థానం.

దీనికి దానధర్మం మందు కాదు. ఆ విద్యార్థికి నేను జేబులోంచి మూడు రోజుల కూలి ఇచ్చి ఉంటే అతడు పోయేవాడేమో. కాని అది నా దయ అయ్యేది, అతడి హక్కు అయ్యేది కాదు. రహీం సైకిలు కిరాయి గొప్పదే, కాని ప్రతి ఊరికీ ఒక రహీం దొరకడు. విద్యార్థులు కట్టే క్రీడా రుసుములో బంతికి పద్దు ఉన్నది, బనియనుకు పద్దు ఉన్నది, షీల్డుకు పద్దు ఉన్నది. పనికి పోయే విద్యార్థి పోగొట్టుకొనే కూలికి పద్దు లేదు. అటువంటి పద్దు ఒకటి ఉండాలని విద్యార్థి సంఘాలు అడగాలి. అధ్యాపక సంఘాలు ఆ కోరికను బలపరచాలి. 1893లో 282 ఓట్లతో ఓడిపోయిన తీర్మానమే ఇది. మనం మళ్ళీ పెట్టవలసి ఉన్నది.

మా గోడ మీది బల్ల కింద ఇంకా కొంత ఖాళీ ఉన్నది. ఆ విద్యార్థి చదువు ముగించి వెళ్ళిపోయినాడు. అతడి పేరు దాని మీదికి ఇక రాదు. కాని ఈసారి కోతల కాలంలో పోటీలు వచ్చినప్పుడు, రానన్నవాణ్ణి పిలిచి ప్రేమ ఉన్నదా అని మాత్రం నేను అడగను.